సరిగ్గా నాలుగు గంటలకు

మానవజాతి కాలాన్ని మొదట నీడతో కొలిచింది. తర్వాత రాగి గిన్నెకి అడుగున సన్నటి చిల్లు పెట్టి నీళ్ళలో వదిలి, అది మునగడానికి పట్టే సమయాన్ని గడియ అంది. మన గడియారం ఆ గిన్నెలోంచే పైకి తేలింది. ఆ తర్వాత లోలకాలు వచ్చాయి, స్ప్రింగులు వచ్చాయి, క్వార్ట్జ్ ముక్కలు వచ్చాయి. ప్రస్తుతం సీసియం అనే లోహపు పరమాణువు తొమ్మిది వందల పంతొమ్మిది కోట్ల చిల్లర సార్లు ఊగితే దాన్ని ఒక సెకను అనాలని ప్రపంచ దేశాలు కూర్చుని ఒప్పుకున్నాయి. డబ్లిన్‌లో ఉన్న తెలుగువాళ్ళం మాత్రం ఇంకా ఒప్పుకోలేదు. మా దగ్గర కాలానికి ప్రమాణం "బయల్దేరామండీ" అనే మాట.

ఈ విషయం మీద సాధికారికంగా మాట్లాడే అర్హత నాకుంది. నా పేరు త్రినాథ్, మాది కాకినాడ. శాండీఫోర్డ్‌లో ఒక ఆఫీసులో కంప్యూటర్లకి టైము చెప్పడం నా ఉద్యోగం. (నవ్వకండి. దీనికి జీతం ఇస్తారు, పెన్షన్ కూడా ఉంది.) షేరు ముందు అమ్మింది ఎవరు, ముందు కొన్నది ఎవరు అని రేపు ఎవరైనా కోర్టుకెక్కితే సెకనులో పది లక్షలో వంతు దాకా తేల్చి చెప్పాలని రూలు. అందుకని నేను ఉపగ్రహాల నుంచి టైము పట్టుకుని, వైర్లలోంచి వచ్చేటప్పుడు అది ఎంత ఆలస్యమైందో లెక్కగట్టి, ఆ ఆలస్యాన్ని తీసేసి, వందల యంత్రాలకి పంచుతూ ఉంటాను. నా గడియారాలు ఇంతవరకూ తప్పు చెప్పలేదు. నేను మాత్రం ఆ ఆఫీసుకి ఏ రోజూ తొమ్మిదింటికి చేరలేదు. మా మేనేజరు ఈఫా కిందటేడు సమీక్షలో, "గడియారాలు గ్రాండ్, త్రినాథ్. నువ్వే కొంచెం డ్రిఫ్ట్ అవుతున్నావు" అని రాసింది. డ్రిఫ్ట్ అంటే గడియారం తనకి తెలీకుండానే మెల్లగా దారి తప్పడం. మా వృత్తిలో ఇంతకన్నా పెద్ద తిట్టు లేదు.

మా ఆవిడ సుధేష్ణ ములింగార్ ఆస్పత్రిలో డాక్టరు. ఇద్దరం సమానంగా ఇబ్బంది పడే చోటు వెతికి లూకన్‌లో ఇల్లు లీజుకి తీసుకున్నాం. మా అమ్మాయి చరిత ఇక్కడి బడిలో ఫిఫ్త్ క్లాసు. తెలుగు మొత్తం అర్థమవుతుంది. జవాబు మాత్రం ఐరిష్ యాస ఇంగ్లీషులో వస్తుంది. మూడేళ్ళుగా నాట్యం నేర్చుకుంటోంది. కథంతా ఆ నాట్యం గురించే కాబట్టి ఇది గుర్తుంచుకోవాలి.

కిందటేడు మా లిఫీ తెలుగు సమితి దీపావళి సభకి ఆహ్వానంలో సాయంత్రం నాలుగు గంటలని ఉంది. సభ ఆరూ నలభైకి మొదలైంది. ఒకే దీపాన్ని తొమ్మిదిమంది ప్రముఖులు వంతులవారీగా వెలిగించారు. (మధ్యలో రెండుసార్లు ఆరిపోయింది. ఒకసారి ఆర్పి మళ్ళీ వెలిగించారని కూడా అంటారు, ఫోటో సరిగ్గా రాలేదని.) తర్వాత అధ్యక్షుడు హేమచంద్ గారు "నేను ఎక్కువ మాట్లాడను" అని మొదలుపెట్టి ఆ మాటకి వివరణగా అరగంట మాట్లాడారు. ఎనిమిదింటికి హాలు ఖాళీ చెయ్యాలి. హాలు చూసుకునే నోయెల్ మర్యాదస్తుడు. ఎనిమిది దాటాక ఒకసారి దగ్గాడు, ఇంకాసేపటికి ఇంకోసారి దగ్గాడు, ఆ తర్వాత లైట్లు తీసేశాడు.

అప్పటికి పదమూడు అంశాలయ్యాయి. పద్నాలుగోది చరితది. లిప్‌స్టిక్ చెరిగిపోతుందని సాయంత్రమంతా మంచినీళ్ళు కూడా తాగకుండా తెర వెనక స్టూలు మీద కూర్చుంది. కార్లో వెనక సీట్లో, తడి టిష్యూతో కాటుక తుడుచుకుంటూ, "ఇట్స్ గ్రాండ్, డాడీ" అంది. ఐర్లండులో ఆ మాటకి, భేషుగ్గా ఉంది మొదలుకుని పోనీలే దాకా, ఇరవై అర్థాలున్నాయి. ఇది వాటిలో ఆఖరిది.

ప్రపంచానికంతా సెకనులో పది లక్షలో వంతు పంచిపెట్టేవాణ్ణి, నా కూతురికి ఆరు నిమిషాలు ఇప్పించలేకపోయాను. ఆ వారమే సమితికి మెయిల్ రాశాను. ఆ విధంగా కాలనిర్ణయ ఉపసంఘం ఏర్పడింది.

ఉపసంఘం తొలి సమావేశం జూమ్‌లో, రాత్రి ఎనిమిదింటికి. ఎనిమిదీ యాభైకి కోరం వచ్చింది. హేమచంద్ గారిది కరీంనగర్. మంచి మనిషి. ఎవరి ఇంట్లో ఏ కష్టమొచ్చినా ముందు ఆయనే ఉంటారు, సభకి మాత్రం ఉండరు.

"త్రినాథ్ గారు, మీరు టైంలనే పనిచేస్తరు గదా. మీకన్నా ఎవరున్నరు? కన్వీనర్ మీరే," అన్నారు.

"సభ నాలుగంటే నాలుగింటికే మొదలవ్వాలండీ," అన్నాను.

"గట్ల సాఫ్ చెప్తే జనం ఫీలైతరు. అయినా మీరే చెప్పిన్రు గదా, భూమే సరిగ్గ తిరుగుతలేదని. అప్పుడప్పుడు ఒక సెకన్ కలుపుతరంట. భూమికి కలిపినప్పుడు మనకు కలపరా?"

(ఈ వాదాన్ని ఉపసంఘం మినిట్స్‌లో యథాతథంగా ఎక్కించింది.)

రామ్మోహన్ గారని మా సభ్యుడొకాయన స్వోర్డ్స్‌లో ఉంటారు. విమానాశ్రయంలో పని, చరిత్ర పిచ్చి. ఆయన చెయ్యెత్తారు. "పంతొమ్మిది వందల పదహారు దాకా డబ్లిన్ టైము గ్రీనిచ్ కన్నా పాతిక నిమిషాలు వెనక ఉండేదండీ. అంటే ఇంచుమించు మన గడియ. ఆ లెక్కన పాతిక నిమిషాలు లేటుగా వచ్చినవాణ్ణి లేటనడం చారిత్రకంగా అన్యాయం." దీనిమీద ముప్పావుగంట చర్చ జరిగి, దీన్ని 'వారసత్వ వెసులుబాటు'గా గుర్తించి, భోజనాల వరసకి మాత్రం వర్తింపజేశాం. ఆయన ఆగలేదు. "ఇంకోటండీ. మిగతా యూరప్‌లో చలికాలం టైము అసలుది, ఎండాకాలం టైము సవరణ. ఐర్లండు చట్టంలో తిరగేసి రాసుకున్నారు. ఇక్కడ ఎండాకాలందే అసలు టైము, చలికాలందే మినహాయింపు." నేను నవ్వి, మినిట్స్‌లో 'అప్రస్తుతం' అని రాయించాను. రాసుకున్నది కార్యదర్శి భానుమతి గారు. ఆవిడ దస్తూరి ముత్యాల్లా ఉంటుంది కాబట్టి ఆ మాట ఇప్పటికీ స్పష్టంగా కనిపిస్తుంది.

తర్వాత నిబంధనావళి తయారైంది. ఏడాది వాట్సాప్ సందేశాలు పరిశీలించి, వాడుకలో ఉన్న కాలమానాన్ని మొదటిసారి శాస్త్రీయంగా నిర్వచించాం. 'బయల్దేరాం' అంటే స్నానానికి నీళ్ళు వేడెక్కుతున్నాయని అర్థం. 'దార్లో ఉన్నాం' అంటే కారు తాళాలు వెతుకుతున్నారు. 'పార్కింగ్ దొరకట్లేదు' అనేదొక్కటే నిజం. 'ఐదు నిమిషాలు' అన్నది కాలానికి సంబంధించిన మాట కాదనీ, అది ఒక రకమైన ఆప్యాయత అనీ తేల్చి నిబంధనావళిలోంచి తీసేశాం.

కానీ మనుషులు నిబంధనలకి లొంగరు, యంత్రాలకి లొంగుతారు. అందుకని నేనొక పెట్టె తయారుచేశాను. దాని పేరు సమయపాలక్. కిటికీలో యాంటెనా, అది ఉపగ్రహాల నుంచి టైము అందుకుంటుంది. స్టేజీ లైట్లు, మైకు, పాటలు అన్నీ దాని చేతిలోనే. నాలుగు కొట్టగానే మొదటి పాట దానంతటదే మొదలవుతుంది. ప్రతి అంశానికీ ఇచ్చిన నిమిషాలు అయిపోగానే మైకు ఆగిపోతుంది. పెట్టెను స్టేజీ వెనక ప్రెస్‌లో (ఇక్కడ అలమరని అలా అంటారు) పెట్టి తాళం వేస్తాం. కరెంటు పోయినా పనిచేసేలా బ్యాటరీ. మధ్యలో ఆపాలంటే ఇద్దరు కార్యవర్గ సభ్యులు ఫోనులో ఆమోదం నొక్కాలి. ఈ ఆఖరి నిబంధన హేమచంద్ గారి ప్రసంగాన్ని దృష్టిలో పెట్టుకుని రాసింది. దాన్ని ఎంతో ఉత్సాహంగా బలపరిచింది ఆయనే. ఎవరో ఇంకొకరి కోసం అనుకున్నారు.

ఇక ఎవరి అంశం ముందు, ఎవరిది తర్వాత అన్న ప్రశ్న. పిల్లల తల్లిదండ్రులందరూ విడివిడిగా ఫోన్లు చేశారు. మా వాడిది మధ్యలో ఉంటే బాగుంటుందండీ, మా అమ్మాయిది ఆఖర్న అయితే బాగుంటుందండీ, అని. మొదటి అంశానికి ఎవరూ ఒప్పుకోలేదు. సభ నాలుగింటికి మొదలవుతుందని నమ్మినవాళ్ళు ఎవరూ లేరు, ఒకవేళ మొదలైతే ఎలా అన్న భయం మాత్రం అందరికీ ఉంది.

"చరితని పెడదామండీ," అన్నారు భానుమతి గారు. "పోయినేడాది పాపం ఆ పిల్లకి అవకాశమే రాలేదు."

ఇంటికొచ్చి చెప్పాను. చరిత కార్న్‌ఫ్లేక్స్ తింటూ ఆగిపోయింది.

"ఫస్ట్? లైక్, యాక్చువల్లీ ఫస్ట్?"

"సరిగ్గా నాలుగింటికి."

"విల్ ఎనీవన్ బీ దేర్?"

"అందరూ ఉంటారు. నేను ముందు వరసలో ఉంటా."

అది నా మొహంలోకి కాసేపు చూసింది. మా ఆఫీసులో కొత్త గడియారం కొనేముందు మేం కూడా అలాగే చూస్తాం.

ఈసారి సభకి తేదీ ఎంపిక నా ప్రతిభకి నిదర్శనం. అక్టోబరు ఆఖరి ఆదివారం. ఆ తెల్లవారుజామునే దేశమంతా గడియారాలు గంట వెనక్కి తిప్పుకుంటుంది. అంటే ప్రతి కుటుంబానికీ ఒక గంట ప్రభుత్వం తరఫున ఉచితం. గంట ముందు తయారవ్వలేని జాతికి ఒక గంట ఇచ్చి చూద్దామని ఆలోచన. సుధేష్ణ ఆ ఆదివారం డ్యూటీ వేరేవాళ్ళకిచ్చి, బదులుగా క్రిస్మస్ రోజు తీసుకుంది. శనివారం రాత్రి డ్యూటీ మాత్రం తప్పలేదు. గడియారాలు వెనక్కి తిప్పే రాత్రి పని చేసేవాళ్ళు పన్నెండు గంటల షిఫ్టులో పదమూడు గంటలు నిలబడతారు. (పదమూడో గంట గురించి అడిగితే అందరూ గడియారం వైపు చూపిస్తారట.)

శనివారం సాయంత్రం స్వోర్డ్స్‌లో హాలుకి వెళ్ళి పెట్టె అమర్చాను. వేసవి నుంచీ దాన్ని పరీక్షిస్తూనే ఉన్నాను. ఆ సాయంత్రం కూడా సెకనులో పది లక్షలో వంతు తేడా లేదు. ప్రెస్‌కి తాళం వేసి, దణ్ణం పెట్టుకుని వచ్చాను.

ఆదివారం మధ్యాహ్నం తల్లీకూతుళ్ళని హాలు గుమ్మంలో దింపాను. సుధేష్ణకి నిద్ర లేదు, కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"నీ ఫోన్ ఇటివ్వు," అన్నాను.

"ఎందుకు?"

"నిబంధనల ప్రకారం కన్వీనర్ దగ్గర విడివిడిగా రెండు గడియారాలుండాలి. పోల్చుకోవడానికి."

నా మొహంలోకి చూసి, వాదించే ఓపిక లేక ఇచ్చేసింది. ఆవిడ చేతికి వాచీ పెట్టుకోదు, ఆస్పత్రిలో మోచేతి కింద ఏమీ ఉండకూడదని అలవాటు. నేను అటునుంచటే ములింగార్ బయల్దేరాను, ముఖ్య అతిథిని తీసుకురావడానికి. ముఖ్య అతిథి కృష్ణమూర్తి గారు పాతికేళ్ళు అక్కడ డాక్టరుగా చేసి రిటైరయ్యారు. ఆయన ప్రసంగ విషయం 'సమయపాలన'. ముఖ్య అతిథి ఆలస్యమయ్యాడన్న మాట ఎవరూ అనకూడదని నేనే కారు తీసుకెళ్ళాను. ఆయన కోటు వేసుకుని గుమ్మం బయట నిలబడి ఉన్నారు.

దారిలో వాన లేదు, ట్రాఫిక్ లేదు. మూడూ పన్నెండుకి హాలు ముందు కారు ఆపాను. నలభై ఎనిమిది నిమిషాలు ముందు! రెండు ఫోన్లలోనూ చూసుకున్నాను. నా జీవితంలో దేనికీ అంత ముందు చేరలేదు, పుట్టడానికి కూడా. (అమ్మ ఆ కథ ఇప్పటికీ చెప్తుంది.) పెద్దాయన చెయ్యి పట్టుకుని గర్వంగా లోపలికి నడిపించాను.

హాల్లో రెండొందల కుర్చీలు ఖాళీగా ఉన్నాయి. స్టేజీ మీద లైట్లు దేదీప్యమానంగా వెలుగుతున్నాయి. వెలుగు మధ్యలో మైకు ఒక్కటే నిలబడి ఉంది. స్టేజీ అంచున చరిత కూర్చుని కాళ్ళ గజ్జెలు విప్పుకుంటోంది. సుధేష్ణ వెనక కూర్చుని దాని జడలోంచి పూలు తీస్తోంది. పక్కన నోయెల్ టీ కప్పుతో నిలబడ్డాడు.

"చరితా! చూశావా, మీ నాన్న ఎంత ముందొచ్చాడో!" అన్నాను.

అది తలెత్తి గోడ గడియారం వైపు చూసింది. అందులో నాలుగూ పన్నెండైంది.

"యూ'ర్ లేట్, డాడీ."

"కాదమ్మా, ఇప్పుడు మూడూ పన్నెండే..."

"ఐయామ్ ఆఫ్టర్ డూయింగ్ ఇట్," అంది. ఇక్కడి ఇంగ్లీషులో ఆ మాటకి, ఇప్పుడే చేసేశాను అని అర్థం.

గోడ గడియారం వెనక్కి తిప్పలేదు. నిచ్చెన ఎక్కడానికి ధ్రువపత్రం ఉన్న మనిషి సోమవారం వస్తాడనీ, ఏడాదికి రెండుసార్లు అదొక్కటే అతని పని అనీ నోయెల్ చెప్పాడు. పాట మొదలయ్యేసరికి మా సభ మూడింటికే అనుకున్నాడట. సరే, గోడ గడియారానికి మనిషి రాలేదు. మరి నా పెట్టెకి ఏమైంది? ఉపగ్రహాలతో మాట్లాడే పెట్టెకి?

స్టేజీ మెట్ల మీద కూలబడి ల్యాప్‌టాప్ తెరిచాను. కనుక్కోవడానికి రెండు నిమిషాలు కూడా పట్టలేదు. అన్ని దేశాల్లోనూ చలికాలంలో ఉండేదే అసలు టైము అనుకుని పెట్టెకి లెక్క నేర్పాను. అసలు టైము ఎంతని పెట్టె ఐర్లండుని అడిగితే, ఐర్లండు చట్టప్రకారం వేసవి టైము చెప్పింది. రామ్మోహన్ గారు చెబితే నేను నవ్వి, అప్రస్తుతం అని రాయించిన ముక్కే అది. వేసవంతా రెండూ ఒకటే కాబట్టి పరీక్షల్లో ఏమీ తేలలేదు. తేడా వచ్చే మొట్టమొదటి రోజు ఇదే, ఆ రోజుని వెతికి వెతికి ఎంచుకున్నది నేనే. నా పెట్టె సెకనులో పది లక్షలో వంతు కూడా అటూ ఇటూ కాకుండా, అత్యంత ఖచ్చితంగా, గంట ముందు సభ ప్రారంభించింది.

"నీకు అనుమానం రాలేదా?" అన్నాను సుధేష్ణతో, ఎవరినో ఒకరిని అడగాలి కాబట్టి.

ఆవిడ పూలు కాగితంలో చుడుతూ నెమ్మదిగా అంది: "నాలుగైంది. పాట మొదలైంది. నువ్వు లేవు. జనం లేరు. ఇందులో నాకు కొత్తగా ఏం కనిపించాలి, త్రినాథ్?"

"ఫోన్ చెయ్యాల్సింది."

ఆవిడ నా చొక్కా జేబు వైపు చూసింది. ఆవిడ ఫోను అక్కడే ఉంది. అందువల్ల ఫోన్ రాలేదు. అందువల్లే వీడియో కూడా లేదు.

ఇంతలో స్పీకర్లోంచి భానుమతి గారి గొంతు, ముందే రికార్డు చేసింది, "ఇప్పుడు అధ్యక్షుల వారి తొలి పలుకులు" అంది. మైకు మీద లైటు పడింది. ఎవరూ మాట్లాడలేదు. సమితి చరిత్రలో అధ్యక్షుల వారి తొలి పలుకులు ఇచ్చిన సమయానికి పూర్తవడం ఇదే ప్రథమం.

ఆపాలని ఫోను తీశాను. ఇద్దరు సభ్యుల ఆమోదం కావాలి. నాది ఒకటి. హేమచంద్ గారికి చేస్తే ఎత్తలేదు. 'బయల్దేరిన' అని సందేశం వచ్చింది. అంటే స్నానం. నోయెల్ నా అవస్థ చూసి ఏమిటని అడిగాడు. బ్యాటరీ గురించీ, తాళం గురించీ, రెండు ఆమోదాల నిబంధన గురించీ వివరంగా చెప్పాను. అతను మొత్తం విని, గోడ దగ్గరికెళ్ళి బోర్డు మీద ఒక స్విచ్చు కిందికి నొక్కాడు. స్పీకర్లూ లైట్లూ ఆగిపోయాయి. పెట్టె మాత్రం ప్రెస్ లోపల సభ జరుపుకుంటూనే ఉండాలి, బ్యాటరీ మంచిది.

సుధేష్ణ, చరిత బట్టలు మార్చుకోవడానికి వెళ్ళారు. నోయెల్ నాకో టీ ఇచ్చాడు.

"చూశావా నువ్వు? ఎలా చేసింది?" అని అడిగాను.

కప్పు కింద పెట్టాడు. "నాకు కథ తెలీదు, తప్పయితే చెప్పు," అని మొదలుపెట్టాడు. ఎవరో చిన్నపిల్లాడట. ఎత్తున వేలాడదీసిన కుండలోంచి వెన్నలాంటిదేదో దొంగిలించాడట. వాళ్ళమ్మ వచ్చి అడిగితే, మూతికి అంటుకుని ఉండగానే లేదన్నాడట. అమ్మకి మొత్తం తెలుసు, కోపం తెచ్చుకోవాలని చూసింది, రాలేదు. "మొదట్లో పాప ముందు వరస కుర్చీలు చూసింది," అన్నాడు. "ఓసారి ఆగింది కూడా. నేనేదో అందామనుకున్నా. ఇంతలో మళ్ళీ అందుకుంది. ఆ తర్వాత ఇక కుర్చీల వైపు చూళ్ళేదు. ఆ అమ్మ కోపం తెచ్చుకోలేకపోయే చోట మాత్రం, ఎంతైనా నేను ముగ్గురు పిల్లల్ని పెంచాను, నాకేదో అయిపోయింది." అంటూ భుజం మీద తువ్వాలుతో టేబులు తుడవడం మొదలుపెట్టాడు. తుడవాల్సిందేమీ కనిపించలేదు నాకు.

మూడేళ్ళుగా మా ఇంటి ముందుగదిలో ఆ నాట్యం సాధన జరుగుతుంటే, టీవీకి అడ్డొస్తోందని నేను పక్కకి జరగమనేవాణ్ణి. అది మొత్తంగా ఏమిటో ఇప్పుడు ఒక ఐరిష్ ఆయన చెబితే విన్నాను.

నాలుగింటికి అసలు వింత జరిగింది. జనం వచ్చారు. నిబంధనావళికి భయపడో, ఉచితంగా వచ్చిన గంట పనిచేసో, రెండొందలమంది పట్టుచీరలతో, పిల్లలతో, స్వీటు డబ్బాలతో సరిగ్గా నాలుగింటికి గుమ్మంలోకి తోసుకుంటూ వచ్చారు. హేమచంద్ గారి తల ఇంకా తడిగానే ఉంది. "ఏమైంది త్రినాథ్ గారు? మేం టైంకే వచ్చినం గదా!" అన్నారు. ఆయన గొంతులో నిజమైన బాధ ఉంది. నలభై ఏళ్ళ జీవితంలో మొదటిసారి సమయానికి వచ్చిన మనిషికి, సభ మొదలై గంటైందని చెప్పాల్సి వచ్చింది.

పెట్టెను మళ్ళీ నమ్మడానికి ఎవరూ ఒప్పుకోలేదు. పాటలన్నీ దాంట్లోనే ఉన్నాయి. బ్లూటూత్ స్పీకరు, పాటలు ఉన్న అబ్బాయి ఎవరో దార్లో ఉన్నాడన్నారు. సభ ఐదూ నలభైకి మొదలైంది. కృష్ణమూర్తి గారు సమయపాలన మీద యాభై నిమిషాలు మాట్లాడారు. ఆపడానికి ఏ యంత్రమూ లేదు.

అంతకుముందు ఆయన చరితని పిలిచి, "అమ్మా, నా కోసం ఒకసారి మళ్ళీ చేస్తావా? మేమెవరం చూళ్ళేదుగా," అన్నారు.

"థాంక్యూ, అంకుల్. బట్ ఐ డిడ్ ఇట్," అంది మర్యాదగా. నా వైపు చూళ్ళేదు. బట్టలు మార్చుకుని, ట్రాక్‌సూట్‌లో, వాళ్ళమ్మ ఒళ్ళో తల పెట్టుకుని మిగతా సభంతా నిద్రపోయింది. సుధేష్ణ కూడా కూర్చునే నిద్రపోయింది. మా ముగ్గురిలో నేనొక్కణ్ణే మెలకువగా ఉండి, ఇచ్చిన మాట ప్రకారం ముందు వరసలో కూర్చుని, అందరి పిల్లల నాట్యాలూ చూశాను.

విచారణ నివేదిక నవంబరులో వచ్చింది. (రాసింది ఉపసంఘమే, అంటే నేనే. నా మీద నేను కఠినంగా వ్యవహరించానని భానుమతి గారు మెచ్చుకున్నారు.) గడియారం తప్పు లేదనీ, సభ్యుల తప్పు లేదనీ, దేశ చట్టంలో ఉన్న విషయాన్ని కన్వీనర్ అప్రస్తుతం అన్నాడనీ తేలింది. రామ్మోహన్ గారికి శాలువా కప్పారు. ఇకమీదట ఆహ్వానాల్లో 'సుమారు' అని వెయ్యాలని ఏకగ్రీవంగా తీర్మానించి, ఉపసంఘాన్ని రద్దు చేశారు.

డిసెంబరులో చరిత బళ్ళో క్రిస్మస్ కచేరీ. అందులో దాని పాట ఉంది. "హాఫ్ ఫైవ్, డాడీ," అని రెండుసార్లు చెప్పింది, ఐదున్నరకని. ఆ రోజు నాలుగింటికే ఆఫీసులోంచి లేచాను. లువాస్ ట్రామ్ ఎక్కడో ఆగిపోయింది. బస్సు రాలేదు. వచ్చిన బస్సు నిండా జనం. బడి దగ్గర దిగేసరికి ఆరూ ఇరవై. గేటు నుంచి పరిగెత్తాను. పరిగెడుతూనే ఏం చెప్పాలో కూడబలుక్కుంటున్నాను. ట్రామ్ గురించి చెప్పకూడదనీ, క్షమించమ్మా అని మాత్రమే అనాలనీ నిర్ణయించుకున్నాను. హాలు తలుపు తోసుకుని లోపలికెళ్తే, పిల్లలు ఇంకా స్టేజీ పక్కన వరసలో నిలబడుతున్నారు. టీచరు మైకు సరిచేస్తోంది. సుధేష్ణ ముందు వరసలో కూర్చుని పక్క కుర్చీలో తన కోటు పెట్టి ఉంచింది.

"మొదలవలేదా?" అన్నాను ఆయాసపడుతూ.

"ఇంకా పది నిమిషాలుంది."

"ఐదున్నరకి కదా?"

"ఆరున్నరకి," అంది సుధేష్ణ. "నాకు ఆరున్నరని చెప్పింది."

పాట బాగా పాడింది. మొదటి మాట నుంచీ చివరి మాట దాకా ముందు వరసలో కూర్చుని విన్నాను. ఒకసారి నన్ను చూసింది కూడా.

మా వృత్తిలో, ఒక గడియారం తప్పు చూపిస్తోందని తెలిస్తే దాన్ని పారెయ్యం. ఎంత తప్పో కొలిచి, ఆ మేరకు సవరించి, వాడుకుంటాం. దాన్ని క్యాలిబ్రేషన్ అంటారు. సవరణ ఎన్నాళ్ళు చెల్లుతుందో కూడా రాసిపెట్టాలి, సాధారణంగా ఏడాది. కార్లో వెనక సీటు వైపు తిరిగి, ఈ గంట తేడా నాకు ఎన్నాళ్ళు అమల్లో ఉంటుందని అడిగాను.

చరిత బెల్టు పెట్టుకుంది.

"జస్ట్ టిల్ ఐ మూవ్ అవుట్, డాడీ," అంది.